రెజీ జాక్సన్ మాటల్లో జనం ఏరుకున్నవి

రెజీ జాక్సన్ గురించి తెలియనివాళ్లకు చెప్పాల్సి వస్తే నేను ముందు చాక్లెట్ సంగతి చెప్తాను. బాల్టిమోర్ బేస్‌బాల్ జట్టుకు ఆడుతున్న రోజుల్లో ఈయన ఓ మాట వదిలాడు: "నేను గనక న్యూయార్క్‌లో ఆడితే నా పేరు మీద చాక్లెట్ బార్ వస్తుంది" అని. న్యూయార్క్ యాంకీస్ జట్టుకు వెళ్లాక నిజంగానే వచ్చింది. పేరు "రెజీ!", చివర ఆశ్చర్యార్థకం గుర్తుతో సహా. గుండ్రంగా ఉండేది. లోపల వేరుశెనగలు, కారమెల్, పైన చాక్లెట్. ధర పాతిక సెంట్లు. 1978 ఏప్రిల్ 13న యాంకీ స్టేడియంలో, ఆ ఏడాది సొంత మైదానంలో జరిగిన మొదటి మ్యాచ్‌కు వచ్చిన ప్రేక్షకులకు వీటిని ఊరికే పంచారు. మొదటి ఇన్నింగ్స్‌లోనే (మ్యాచ్‌కు తొమ్మిది ఉంటాయి) రెజీ హోమ్ రన్ కొట్టాడు, మన సిక్సర్ లాంటిది. అంతే, జనం చేతుల్లో ఉన్న చాక్లెట్లన్నీ మైదానంలోకి విసిరేశారు. వాటిని ఏరేదాకా ఆట ఆగిపోయింది.

ఆ యాంకీస్ జట్టులోనే క్యాట్‌ఫిష్ హంటర్ అనే పిచర్, అంటే మన బౌలర్ లాంటివాడు, ఉండేవాడు. "రెజీ బార్ కాగితం విప్పగానే, తనెంత బాగుంటుందో అదే మనకు చెప్తుంది" అన్నాడట. రెజీ మీద ఇంతకంటే మంచి జోకు ఇంతవరకూ రాలేదని నా నమ్మకం.

నేను బేస్‌బాల్ చూడటం మొదలుపెట్టింది మా అబ్బాయి వల్ల. ఇక్కడ న్యూజెర్సీలో పిల్లల లీగ్‌లో చేర్పిస్తే కోచ్ వాణ్ని తీసుకెళ్లి రైట్ ఫీల్డ్‌లో నిలబెట్టాడు. పిల్లల ఆటలో రైట్ ఫీల్డ్ అంటే ఏంటో తర్వాత తెలిసింది. చిన్నపిల్లలు కొట్టే బంతి అటువైపు పెద్దగా రాదు, అందుకని క్యాచ్ పట్టడం రానివాళ్లను అక్కడికి పంపిస్తారు. మావాడు అక్కడ నిలబడి షూ లేసులు విప్పుకుంటూ, కట్టుకుంటూ కాలక్షేపం చేసేవాడు. నా మొహం చూసి, పక్కన మడత కుర్చీలో కూర్చున్న పెద్దాయన ఓదార్చాడు: "రెజీ జాక్సన్ కూడా రైట్ ఫీల్డరేనమ్మా. అతనూ ఫీల్డింగ్‌లో అంతంతమాత్రమే." ఆయన మనవడూ మావాడి జట్టే. ఆయన పుట్టి పెరిగింది బ్రాంక్స్‌లో, యాంకీ స్టేడియం ఉన్న పేటలో. 1977లో ఏప్రిల్ నుంచి సెప్టెంబర్ దాకా రెజీని తిట్టుకున్నాననీ, అక్టోబర్ వచ్చేసరికి అతని కోసమే గొంతు పోయేలా అరిచాననీ చెప్పాడు. ఒకే మనిషి మీద ఒకే ఏడాదిలో అంత తిట్టూ అంత ప్రేమా ఎలా పుట్టాయో తెలుసుకుందామని మొదలుపెట్టి, అతని గురించి దొరికిందల్లా చదివాను, చూశాను.

రెజీ 1946లో పెన్సిల్వేనియాలో పుట్టాడు. తండ్రి మార్టినెజ్ జాక్సన్ దర్జీ. నల్లజాతివాళ్లను పెద్ద లీగుల్లోకి రానివ్వని కాలంలో వాళ్లు సొంతంగా నడుపుకున్న నీగ్రో లీగుల్లో, న్యూవార్క్ ఈగిల్స్ జట్టుకు ఆడినవాడు. కొడుకు అమెరికన్ ఫుట్‌బాల్ స్కాలర్‌షిప్ మీద ఆరిజోనా స్టేట్ యూనివర్సిటీకి వెళ్లి, అక్కడ బేస్‌బాల్‌కు మళ్లాడు. కొత్త కుర్రాళ్లను జట్లు వంతులవారీగా ఎంచుకునే 1966 డ్రాఫ్ట్‌లో మొదటి ఎంపిక న్యూయార్క్ మెట్స్ జట్టుది. వాళ్లు రెజీని వదిలేసి స్టీవ్ చిల్కాట్ అనే క్యాచర్‌ను (మన వికెట్ కీపర్ లాంటివాడు) తీసుకున్నారు. పాపం ఆ కుర్రాడు భుజం గాయాలతో పెద్ద లీగ్‌లో ఒక్క మ్యాచ్ కూడా ఆడలేకపోయాడు. తనకో తెల్లమ్మాయితో స్నేహం ఉందన్న కారణంతోనే మెట్స్ తనను వద్దనుకున్నారని కాలేజీ కోచ్ తనతో అన్నట్టు రెజీ చాలాసార్లు చెప్పాడు. మెట్స్ ఒప్పుకోలేదు. రెండో ఎంపికలో కాన్సస్ సిటీ అథ్లెటిక్స్ అతన్ని తీసుకుంది. మర్నాటికల్లా పెద్ద జట్టులో ఆడించరు కదా, కింది స్థాయి జట్లలో తిప్పుతారు. అలా 1967లో అలబామా రాష్ట్రంలోని బర్మింగ్‌హామ్‌లో ఆడాడు. ఆ ఏడాది సంగతి తర్వాత చెప్తాను.

1968లో అథ్లెటిక్స్ జట్టు ఓక్లండ్‌కు మారింది. 1969లో సీజన్ మధ్యలో వచ్చే ఆల్‌స్టార్ మ్యాచ్ విరామానికే రెజీ 37 హోమ్ రన్‌లు కొట్టేసి దేశమంతా తనవైపు తిరిగేలా చేశాడు. చివరికి 47 దగ్గర ఆగాడు. జీతం ఇంత కావాలని మరుసటి ఏడాది భీష్మించుకుని కూర్చున్నాడు. ఓనర్ చార్లీ ఫిన్లీ పిసినారి, పైగా మొండిఘటం. ఇద్దరికీ పడలేదు. అయినా ఆ జట్టులో ఎవరికి ఎవరితో పడిందని! 1972లో రెజీ మీసం పెంచుకుని శిక్షణ శిబిరానికి వచ్చాడు. అప్పట్లో బేస్‌బాల్ ఆటగాళ్లు నున్నగా గీసుకుని ఉండాలన్నది రాయని రూలు. ముందు తీసేయమన్న ఫిన్లీ, తర్వాత వ్యాపార బుద్ధి పనిచేసి, ఫాదర్స్ డే నాటికి మీసం పెంచినవాళ్లందరికీ తలా 300 డాలర్లు ఇస్తానన్నాడు. జట్టు మొత్తం మీసాలతో దిగింది. ఆ మీసాల జట్టే 1972, 73, 74 మూడేళ్లూ వరుసగా వరల్డ్ సిరీస్, అంటే రెండు పెద్ద లీగుల విజేతల మధ్య జరిగే ఫైనల్, గెలిచింది. మొదటిదాంట్లో రెజీ ఆడలేకపోయాడు. అంతకు ముందు డెట్రాయిట్‌లో జరిగిన లీగ్ ఫైనల్స్ చివరి మ్యాచ్‌లో హోమ్ ప్లేట్‌కు, అంటే పరుగు పూర్తయ్యే చోటికి, దొంగచాటుగా పరుగెత్తబోయి తొడ కండరం చింపుకున్నాడు. పరుగు మాత్రం వచ్చింది. 1973లో లీగ్ అత్యుత్తమ ఆటగాడూ అతనే, వరల్డ్ సిరీస్ అత్యుత్తమ ఆటగాడూ అతనే.

1974లో డ్రెస్సింగ్ రూమ్‌లో రెజీకీ సహచరుడు బిల్ నార్త్‌కీ ముష్టియుద్ధం జరిగింది. విడదీయబోయిన క్యాచర్ రే ఫాసీ మెడకు దెబ్బ తగిలి నెలల తరబడి ఆటకు దూరమయ్యాడు. కొట్టుకున్నవాళ్లిద్దరూ బాగానే ఉన్నారు, మధ్యలో వెళ్లినవాడు మంచం పట్టాడు. మన ఊళ్లలోనూ అంతే కదా.

ఇక న్యూయార్క్. అప్పటిదాకా ఆటగాడంటే జట్టు సొత్తు. ఉంచుకుంటే ఉండాలి, అమ్మితే పోవాలి. 1975 చివర్లో ఒక మధ్యవర్తి తీర్పుతో ఆ పద్ధతి కూలింది. ఒప్పందం ముగిసిన ఆటగాడు తనకు నచ్చిన జట్టుకు వెళ్లొచ్చు. ఆటగాళ్లు చెయ్యిజారిపోతారని ముందే పసిగట్టిన ఫిన్లీ 1976 ఏప్రిల్‌లో రెజీని బాల్టిమోర్‌కు పంపేశాడు. ఆ సీజన్ కాగానే యాంకీస్ ఓనర్ జార్జ్ స్టైన్‌బ్రెనర్ స్వయంగా వెంటపడి, ఐదేళ్లకు దాదాపు 30 లక్షల డాలర్లకు ఒప్పించాడు. అంతకంటే ఎక్కువ ఇస్తామన్న జట్లు ఉన్నా రెజీ న్యూయార్క్‌నే కోరుకున్నాడు. అతనికి డబ్బెంత ముఖ్యమో, వేదిక కూడా అంతే ముఖ్యం.

కానీ ఆ జట్టు అప్పటికే లీగ్ గెలిచి వరల్డ్ సిరీస్ దాకా వెళ్లిన జట్టు. కెప్టెన్ థర్మన్ మన్సన్, క్యాచర్, 1976లో లీగ్ అత్యుత్తమ ఆటగాడు. తక్కువ మాట్లాడి ఎక్కువ ఆడే మనిషి. మేనేజర్ బిల్లీ మార్టిన్. బేస్‌బాల్‌లో మేనేజర్ అంటే మన క్రికెట్ లెక్కలో కోచ్, కెప్టెన్ కలిసి ఒకడే అయినట్టు. ఎవరు ఆడాలో, ఎప్పుడు దిగాలో అంతా అతనే చెప్తాడు. బిల్లీకి రెజీ రావడమే ఇష్టం లేదు. ఇలాంటి ఇంట్లోకి కొత్తగా వచ్చినవాడు నెల రోజులు నోరు మూసుకుని ఉంటే సరిపోయేది. మా అమ్మ ఉంటే "నోరు మంచిదైతే ఊరు మంచిది" అనేది.

రెజీ ఏం చేశాడు? ఫ్లోరిడాలో శిక్షణ శిబిరం జరుగుతుండగా ఒక బార్‌లో కూర్చుని, రాబర్ట్ వార్డ్ అనే విలేకరితో మనసు విప్పాడు. అది మే నెలలో "స్పోర్ట్" పత్రికలో అచ్చయింది. "ఈ డ్రింక్‌ను కలిపే స్ట్రాను నేనే" అన్నాడట. మన్సన్ కూడా తానే స్ట్రా అనుకుంటాడు గానీ, అతను కలిపితే డ్రింక్ పాడవుతుందని కూడా అన్నట్టు వచ్చింది. నేను ఆ మాటలు ఆ రూపంలో అనలేదని రెజీ ఇప్పటికీ అంటాడు. విలేకరి మాత్రం ఉన్నదే రాశానన్నాడు. సందర్భం తెలియకుండా రాసి ఉంటారులే అని జట్టులో ఒకరు సర్దిచెప్పబోతే మన్సన్, "పేజీలకు పేజీలు సందర్భం లేకుండానే రాశాడా?" అన్నాడని చెప్తారు. ఈ విషయంలో నేను మన్సన్ పక్షమే. పేరు పెట్టి ఒక మనిషిని, అందులోనూ తన కెప్టెన్‌ను, చిన్నబుచ్చాల్సిన అవసరం రెజీకి లేదు.

పత్రిక బయటికొచ్చాక డ్రెస్సింగ్ రూమ్‌లో ఎవరూ రెజీతో సరిగ్గా మాట్లాడలేదు. అప్పుడే ఒక మ్యాచ్‌లో హోమ్ రన్ కొట్టి వచ్చి, డగౌట్‌లో చేతులు చాచి నిలబడ్డ సహచరులను దాటుకుని అవతలి చివరకు వెళ్లి కూర్చున్నాడు. ఎందుకని విలేకరులు అడిగితే చెయ్యి నొప్పిగా ఉందన్నాడు. ఆ చేతితోనే కాసేపటి క్రితం బంతిని స్టాండ్స్‌లోకి పంపాడు మరి!

జూన్ 18న బోస్టన్‌లోని ఫెన్వే పార్క్‌లో అసలు గొడవ. మ్యాచ్ దేశమంతా టీవీలో వస్తోంది. ఆరో ఇన్నింగ్స్‌లో జిమ్ రైస్ కొట్టిన బంతి బలం లేకుండా వెళ్లి రైట్ ఫీల్డ్‌లో పడింది. రెజీ నింపాదిగా వెళ్లాడు, మొదటి బేస్ దగ్గర ఆగాల్సిన రైస్ ఆ సందులో రెండో బేస్‌కు, అంటే పరుగు దారిలో రెండో మజిలీకి, చేరుకున్నాడు. బిల్లీ మార్టిన్ పిచర్‌ను మార్చడానికి లోపలికి వెళ్లి, పనిలో పనిగా రెజీ స్థానంలో పాల్ బ్లెయిర్‌ను పంపాడు. ఇన్నింగ్స్ మధ్యలో ఒక ఫీల్డర్‌ను వెనక్కి పిలవడమంటే నలుగురిలో చెంపదెబ్బ కొట్టడమే. బ్లెయిర్ తన కోసమే వస్తున్నాడని రెజీకి ముందు అర్థం కాలేదు. "నేనా?" అన్నట్టు వేలు తనవైపు చూపించుకున్నాడు. డగౌట్‌లోకి వచ్చాక ఇద్దరూ కొట్టుకునేదాకా వెళ్లారు. కోచ్‌లు యోగీ బెర్రా, ఎల్‌స్టన్ హోవార్డ్ అడ్డుపడ్డారు. 1955లో యాంకీస్ తరఫున ఆడిన మొట్టమొదటి నల్లజాతి ఆటగాడు ఆ హోవార్డే.

ఆ వీడియో ఇప్పటికీ దొరుకుతుంది. గొడవకంటే నన్ను ఎక్కువగా ఆపేసింది ఆ రాత్రి హోటల్ గదిలో జరిగింది. రెజీ విలేకరుల ముందు కన్నీళ్లు పెట్టుకున్నాడు. ఈ జట్టులో నన్ను చూస్తున్న తీరుకు ఏడుపొస్తోందన్నాడు. యాంకీస్ అంటే రూత్, గెరిగ్, డిమాజియో, మాంటిల్ (అందరూ తెల్లజాతి పాత దిగ్గజాలే) అనీ, ఇలాంటి నల్లవాణ్ని ఈ జట్టు ఇంతకు ముందెప్పుడూ చూడలేదనీ అన్నాడు. "నల్లవాడు" అని నేను మర్యాదగా రాశాను. తనను తాను అతను పిలుచుకున్నది నల్లజాతివాళ్లను హీనపరచడానికి వాడే తిట్టుమాటతోనే. నన్ను మనిషిగా చూసేది స్టైన్‌బ్రెనర్ ఒక్కడేననీ అన్నాడు.

తర్వాత అక్టోబర్. కాన్సస్ సిటీతో లీగ్ ఫైనల్స్‌లో రెజీ బ్యాట్ మూగబోయింది. ఆఖరి మ్యాచ్‌లో బిల్లీ అతన్ని మొదటి జట్టులోంచే తీసేశాడు. ఎనిమిదో ఇన్నింగ్స్‌లో ప్రత్యామ్నాయంగా దిగి ఒక పరుగు తెచ్చాడు, యాంకీస్ గెలిచింది. వరల్డ్ సిరీస్‌లో లాస్ ఏంజెలెస్ డాడ్జర్స్ చేతిలో రెండో మ్యాచ్ ఓడాక, గాయాల నుంచి కోలుకుంటున్న క్యాట్‌ఫిష్ హంటర్‌ను ఆడించడం తప్పని రెజీ మళ్లీ నోరు చేసుకున్నాడు. మన్సన్ వెటకారంగా, "ఈయనగారు మిస్టర్ అక్టోబర్ అన్న సంగతి బిల్లీకి తెలియదేమో" అన్నాడు. వెక్కిరింపుగా పెట్టిన ఆ పేరునే రెజీ కిరీటంలా పెట్టుకుని తిరిగాడు.

అక్టోబర్ 18, ఆరో మ్యాచ్, యాంకీ స్టేడియం. మొదటిసారి నాలుగు బంతులు దూరంగా వేసి ఊరికే మొదటి బేస్‌కు నడిపించారు, బ్యాట్ ఊపే అవకాశమే రాలేదు. నాలుగో ఇన్నింగ్స్‌లో బర్ట్ హూటన్ వేసిన తొలి బంతి స్టాండ్స్‌లోకి. ఐదో ఇన్నింగ్స్‌లో ఎలియాస్ సోసా వేసిన తొలి బంతి స్టాండ్స్‌లోకి. ఎనిమిదో ఇన్నింగ్స్‌లో చార్లీ హఫ్. ఇతని బంతి గాల్లో గింగిరాలు లేకుండా తేలుతూ, ఎటు వంగుతుందో తెలియకుండా వస్తుంది. ఆ తొలి బంతి వెళ్లి సెంటర్ ఫీల్డ్ అవతల, మనుషులను కూర్చోనివ్వని నల్లటి సీట్లలో పడింది. ముగ్గురు పిచర్లు, మూడు బంతులు, మూడు హోమ్ రన్‌లు. ఐదో మ్యాచ్‌లో ఆఖరుగా ఊపిన బ్యాట్‌కూ హోమ్ రనే వచ్చింది కాబట్టి, లెక్కకు వరుసగా నాలుగు. అంతకు ముందు ఒక వరల్డ్ సిరీస్ మ్యాచ్‌లో మూడు కొట్టినవాడు బేబ్ రూత్ ఒక్కడే. మూడోది వెళ్తుంటే ఎవరూ చూడకుండా గ్లవ్‌లోనే చప్పట్లు కొట్టానని డాడ్జర్స్ ఫస్ట్ బేస్‌మన్ స్టీవ్ గార్వీ తర్వాత ఒప్పుకున్నాడు.

ఆ రాత్రి చివర్లో స్టాండ్స్‌లోంచి టపాకాయలు పడుతుంటే రెజీ బ్యాటింగ్ హెల్మెట్ పెట్టుకుని ఫీల్డింగ్ చేశాడు. గెలిచాక మైదానంలోకి దూకిన జనాన్ని భుజాలతో తోసుకుంటూ, పాత ఫుట్‌బాల్ బుద్ధి పోనిచ్చుకోకుండా, డగౌట్ దాకా పరుగెత్తాడు. మా బ్రాంక్స్ పెద్దాయనకు ఇదంతా నిన్న జరిగినట్టే ఉంటుంది. ఆ వేసవిలో ఊరంతా కరెంటు పోయి దుకాణాలు దోచుకున్నారట, ఒక హంతకుడి భయంతో ఆడపిల్లలు రాత్రిళ్లు బయటికి రాలేదట. అలాంటి ఏడాది చివర మా ఊరికి దక్కిన ఒకే ఒక్క మంచి రాత్రి అదీ అంటాడు.

మరుసటి ఏడాది జూలైలో ఇంకో రామాయణం. టై అయి అదనపు ఇన్నింగ్స్‌కు వెళ్లిన మ్యాచ్‌లో బంట్ చెయ్యమని, అంటే బ్యాట్‌ను అడ్డంపెట్టి బంతిని కాళ్ల దగ్గరే పడేయమని, బిల్లీ రెజీకి సైగ చేశాడు. హోమ్ రన్‌ల వీరుడికి అది అవమానం. ఒక బంతి తర్వాత బిల్లీ మనసు మార్చుకుని కొట్టమన్నాడు. రెజీ మాత్రం బంట్ చేస్తూనే ఉన్నాడు. థర్డ్ బేస్ కోచ్ దగ్గరికొచ్చి మరీ చెప్పినా వినలేదు. అవుటయ్యాడు. ఐదు మ్యాచ్‌ల సస్పెన్షన్. తిరిగొచ్చాక కూడా నా తప్పేముందన్నాడు. కోపం పట్టలేక బిల్లీ విలేకరులతో రెజీనీ, స్టైన్‌బ్రెనర్‌నూ కలిపి "ఒకడు పుట్టు అబద్ధాలకోరు, ఇంకొకడు కోర్టులో శిక్షపడినవాడు" అన్నాడు. నిక్సన్ ఎన్నికల విరాళాల కేసులో స్టైన్‌బ్రెనర్ నేరం ఒప్పుకున్న మాట నిజమే. మర్నాడు బిల్లీ ఏడుస్తూ రాజీనామా ఇచ్చాడు. నోటి దురుసు వల్ల ఉద్యోగం పోయింది రెజీకి కాదు, బిల్లీకి! ఆ జట్టే ఒక దశలో 14 మ్యాచ్‌ల వెనకనుంచి వచ్చి బోస్టన్‌తో సమమైంది. తేల్చడానికి అక్టోబర్ 2న పెట్టిన ఒక్క మ్యాచ్‌లో 5-4తో గెలిచింది. ఆ మ్యాచ్ అంటే అందరూ బకీ డెంట్ హోమ్ రన్ గురించే చెప్తారు. ఐదో పరుగు మాత్రం రెజీ కొట్టిన హోమ్ రన్‌దే. ఆ ఏడూ వరల్డ్ సిరీస్ వాళ్లదే.

ఈ బంట్ కథ మా నాన్నకు చెప్పాను. తెనాలి నుంచి వచ్చి మా దగ్గర ఉన్న రోజులవి.

"ఎంత మొనగాడైనా కెప్టెన్ మాట వినాలి కదమ్మా" అన్నాడు.

"విన్నాడు నాన్నా, మొదటి మాట విన్నాడు. రెండో మాటే వినలేదు."

"మరి రికార్డు ఎట్లా ఉంది?"

"563 హోమ్ రన్‌లు. బంతి తగలక అవుటైనవి, స్ట్రైకౌట్‌లు అంటారు, 2,597. చరిత్రలో అందరికంటే ఎక్కువసార్లు అలా అవుటైనవాడు ఈయనే."

నాన్న కాసేపు ఆలోచించి, "అయితే మన క్రికెటర్ శ్రీకాంత్ లాంటోడన్నమాట. ఉంటే ఉన్నట్టు, పోతే పోయినట్టు" అని తేల్చేశాడు. ఇంత పొడుగు పోస్టులో నేను చెప్పలేనిది నాన్న ఒక్క ముక్కలో చెప్పేశాడు.

తర్వాతి సంగతులు త్వరగా ముగిస్తాను. 1979 ఆగస్టులో మన్సన్ తన సొంత విమానం నడుపుతూ ప్రమాదంలో చనిపోయాడు. 1982లో రెజీ కాలిఫోర్నియా ఏంజెల్స్‌కు మారి ఆ ఏడాదే 39 హోమ్ రన్‌లు కొట్టాడు. 1984 సెప్టెంబర్ 17న 500వది కొట్టాడు. మొట్టమొదటిది కొట్టింది 1967లో సరిగ్గా అదే తేదీన. 1987లో మళ్లీ ఓక్లండ్‌కు వచ్చి అక్కడే ఆట ముగించాడు. 1993లో బేస్‌బాల్ దిగ్గజాల గౌరవ జాబితా, హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి తీసుకున్నారు.

ఆట ఆగినా నోరు ఆగలేదు. 2012లో ఒక పత్రికతో మాట్లాడుతూ, హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఉన్న కొందరి పేర్లు చెప్పి వాళ్లకు ఆ అర్హత లేదన్నాడు. డ్రగ్స్ వాడానని ఒప్పుకున్న అలెక్స్ రోడ్రిగెజ్ రికార్డుల మీద మచ్చ ఉందన్నాడు. రోడ్రిగెజ్ అప్పుడు యాంకీస్ ఆటగాడు, రెజీ అదే జట్టుకు సలహాదారు. కొన్నాళ్లు జట్టు వైపు రావద్దన్నారు. క్షమాపణ చెప్పాల్సి వచ్చింది.

2024 జూన్ 20న అదే రోడ్రిగెజ్ టీవీలో రెజీని ఒక ప్రశ్న అడిగాడు.

ఆ రోజు బర్మింగ్‌హామ్‌లోని రిక్‌వుడ్ ఫీల్డ్‌లో నీగ్రో లీగుల గౌరవార్థం ఒక మ్యాచ్ పెట్టారు. 1910లో కట్టిన మైదానం అది. అక్కడే ఆట మొదలుపెట్టిన దిగ్గజం విల్లీ మేస్ రెండు రోజుల ముందే చనిపోయాడు. పాతకాలం డ్రెస్సులు, బ్యాండు, కన్నీళ్లు, అంతా పండగలా ఉంది. ఇక్కడికి తిరిగి రావడం ఎలా ఉందని రోడ్రిగెజ్ అడిగాడు. రెజీకి అప్పటికి 78 ఏళ్లు. ఏదో తీపి జ్ఞాపకం చెప్తాడనే అందరూ అనుకుని ఉంటారు. నేనైతే అలాగే అనుకున్నాను.

ఇక్కడికి రావడం తేలిక కాదన్నాడు. 1967లో రెస్టారెంట్‌లోకి అడుగుపెడితే వేలు చూపించి, ఆ తిట్టుమాటతో పిలిచి, వీడు ఇక్కడ తినకూడదనేవాళ్లన్నాడు. హోటల్‌కు వెళ్తే ఇక్కడ ఉండకూడదనేవాళ్లు. ఫిన్లీ జట్టుకు విందు ఇద్దామని క్లబ్‌కు తీసుకెళ్తే అక్కడా అదే మాట. ఫిన్లీ జట్టు మొత్తాన్ని బయటికి నడిపించాడట. (పిసినారి అని పైన తిట్టాను. ఈ ఒక్క విషయంలో దండం పెడతాను.) మేనేజర్ జాన్ మెక్‌నమారా, రెజీని తిననివ్వని చోట జట్టులో ఎవర్నీ తిననిచ్చేవాడు కాదు. తిండి కట్టించుకుని బస్సులో పోయేవాళ్లు. జట్టు సహచరుడు జో రూడీ, భార్య షారన్ వాళ్లింట్లో వారానికి మూడు నాలుగు రాత్రులు సోఫా మీద పడుకున్నాడు. అతన్ని పంపించకపోతే ఆ అపార్ట్‌మెంట్లు తగలబెడతామని బెదిరింపులు వచ్చేదాకా, నెలన్నర పాటు అలా గడిచింది. అంతకు నాలుగేళ్ల ముందే అదే ఊళ్లో చర్చిలో బాంబు పెట్టి నలుగురు ఆడపిల్లలను చంపారు. దాన్నీ గుర్తుచేశాడు. ఆ తెల్ల స్నేహితులు గనక తనను ఆపకపోతే, ఎవణ్నో ఒకణ్ని కొట్టి ఉండేవాణ్ననీ, ఏ చెట్టుకో వేలాడుతూ కనిపించేవాణ్ననీ అన్నాడు. లైవ్ కాబట్టి ఆ తిట్టుమాట కూడా కత్తిరింపు లేకుండా ఇళ్లలోకి వచ్చింది. పక్కన కూర్చున్న మాజీ ఆటగాళ్లు డెరెక్ జీటర్, డేవిడ్ ఆర్టిజ్ మధ్యలో మాట కలపలేదు.

మర్నాడు సోషల్ మీడియాలో అదే వీడియో. ఇన్నేళ్లూ ఎందుకు దాచుకున్నాడని చాలామంది రాశారు. దాచుకున్నదెక్కడ? అంతకు ముందు ఏడాది తన మీద వచ్చిన డాక్యుమెంటరీలో బర్మింగ్‌హామ్ గురించి చెప్పాడు. 1977లో బోస్టన్ హోటల్ గదిలో ఏడుస్తూ చెప్పింది మాత్రం దీని కొనసాగింపు కాదా? నిన్నమొన్నటిదాకా హోటల్ గుమ్మం దగ్గర ఆపేసిన కుర్రాణ్ని పదేళ్లకే టీవీ ముందు మైదానంలోంచి వేలు చూపి వెనక్కి పిలిస్తే వాడికి ఏమనిపిస్తుంది? బద్ధకంగా పరుగెత్తాడా అంటే ఎత్తాడు, బిల్లీ కోపంలో న్యాయం ఉంది. కానీ రెజీకి ఆ క్షణం ఒక్క బంతికి సంబంధించింది కాదు. అతని గొప్పలనూ, ఈ గోడునూ నేను విడదీసి చూడలేకపోతున్నాను. నువ్వు ఇక్కడ ఉండకూడదు అని ఇరవై ఒక్క ఏళ్లకు విన్న మనిషి, ఇక్కడ అందరికంటే ముఖ్యుణ్ని నేనే అని ముప్పై ఏళ్లకు అనడం నాకు వింతగా లేదు. మన్సన్‌ను అన్న మాట తప్పన్నది వేరే సంగతి.

రిక్‌వుడ్ వీడియో తర్వాత బ్రాంక్స్ పెద్దాయనను అడిగాను, ఫెన్వే గొడవ రాత్రి రెజీ హోటల్లో అన్నది గుర్తుందా అని. పేపర్లో వచ్చే ఉంటుంది, గుర్తులేదన్నాడు. స్ట్రా గురించి అన్నదో అని అడిగితే, మన్సన్ ముక్కతో సహా అక్షరం పొల్లుపోకుండా అప్పజెప్పాడు.